వెండితెరపై రోమను జైత్రయాత్ర

రోము నగరములో ట్రాజను చక్రవర్తి పేర ఒక పాలరాతి స్తంభము నేటికిని నిలిచియున్నది. దానిని క్రీ. శ. 113లో ప్రతిష్ఠించినారు. డాన్యూబు నదికి ఆవలనున్న డేసియా రాజ్యమును ట్రాజను 101 నుండి 106 వరకు జరిగిన రెండు యుద్ధములలో జయించినాడు. ఆ వృత్తాంతమంతయు చెట్టుకు తీగ ప్రాకినట్లు స్తంభము చుట్టును అడుగునుండి పైవరకు చెక్కబడియున్నది. ఆ శిల్పపట్టికను విప్పి నేలపై పరచగలిగినచో సుమారు 200 మీటర్ల పొడవుండును. అందులో 2,500కు పైగా మానవమూర్తులు కలవు. ఒక దృశ్యము ముగియకముందే మరియొకటి ఆరంభమగును. నాయకుడు మాటిమాటికి కనిపించును. కథ ఆగక ముందుకు సాగును. చలనచిత్రపు చుట్టను ఎరిగినవారికి ఈ పద్ధతి క్రొత్తది కాదు. సినిమా పుట్టుటకు సుమారు 1,800 ఏండ్లకు ముందే రోమను పాలకులు తమ దండయాత్రలను బొమ్మల వరుసగా ప్రజలకు చూపుట నేర్చినారు.

స్తంభముకంటెను సినిమాకు దగ్గర చుట్టము మరియొకటి కలదు. అది విజయోత్సవపు ఊరేగింపు. లాటిను భాషలో దానికి ట్రయంఫస్ అని పేరు. పరదేశమును జయించి వచ్చిన సేనాని నాలుగు గుఱ్ఱముల రథమెక్కి, సేనతోను, కొల్లసొమ్ముతోను, బందీలతోను రాజవీథులలో ఊరేగి, కాపిటలు కొండమీది జూపిటరు దేవాలయమునకు పోవును. జెరూసలేము పతనమైన పిదప, క్రీ. శ. 71లో, వెస్పేసియను చక్రవర్తియు అతని కుమారుడు టైటసును జరుపుకొన్న ఉత్సవమును జోసీఫసు అను యూదు చరిత్రకారుడు విపులముగా వర్ణించినాడు. మూడు నాలుగు అంతస్తుల ఎత్తుగల మంచెలను వీథులలో నడిపించినారట. వానిపై యుద్ధఘట్టములు ఒక్కొక్కటిగా చూపబడినవి: పాడువడిన పొలములు, కూలుచున్న కోటగోడలు, మంటలలోనున్న ఇండ్లు, పారిపోవువారు, చేతులెత్తి వేడుకొనువారు. ప్రతి మంచెమీదను పట్టుబడిన ఊరి నాయకుని, అతడు పట్టుబడిన రీతిలోనే నిలిపినారు. ఊరేగింపు కొరకు బందీలలోనుండి 700 మందిని ప్రత్యేకముగా ఏరినారు. ఏరుటకు ప్రమాణములు ఎత్తును, అందమును. చిత్రనిర్మాతలు జనసమూహ దృశ్యములకు మనుష్యులను ఎన్నుకొను పద్ధతికిని దీనికిని భేదము స్వల్పము. చివరకు సైమను అను యూదు నాయకుని చంపినారు. అతడు చచ్చినాడన్న వార్త అందిన పిమ్మటనే దేవాలయములో బలి ఆరంభమైనది.

ఈ రెండింటిని మొదట చెప్పుటకు కారణము కలదు. రోమను దండయాత్రలను గూర్చి నూరేండ్లకు పైగా వచ్చుచున్న చలనచిత్రములు, తీసినవారు ఏ దేశమువారైనను, ఏ ఉద్దేశముతో తీసినను, చాలవరకు ఆ ఊరేగింపు దారి ప్రక్కన నిలుచున్న ప్రేక్షకుని కన్నులతోనే లోకమును చూచినవి. ఊరేగింపులో చూపినది తెరపైకి వచ్చినది. ఊరేగింపులో చూపనిది తెరపైకిని అరుదుగనే వచ్చినది. జయించినవాని కీర్తియు, ఓడినవాని దైన్యమును అక్కడ కనబడును. జయము ఎట్లు సమకూడినది, జయించిన పిదప ఏమి జరిగినది అను ప్రశ్నలకు అక్కడ చోటు లేదు. పూర్వచరిత్రను పుస్తకములలోకంటె తెరమీదనే ఎక్కువగా చూచు ఈ కాలములో ఇది చిన్న లోటు కాదు. సామ్రాజ్యమనగా ఒక మధ్యాహ్నమున ముగిసిపోవు యుద్ధము అని నమ్మినవాడు, యుద్ధము లేకుండనే తన ఇంటిముంగిటికి వచ్చు సామ్రాజ్యమును గుర్తింపజాలడు.

కెమెరా చేతికి వచ్చిన నాటినుండియు ఆధునిక సామ్రాజ్యములు దానిని ఈ పనికే వినియోగించినవి. ఇందుకు మన దేశమే సాక్షి. 1911 డిసెంబరు 12న ఢిల్లీలో ఐదవ జార్జి దర్బారు జరిగినది. దానిని కినిమాకలర్ అను రంగుల పద్ధతిలో చిత్రించి 1912లో లండను నగరములో ప్రదర్శించినారు. సేనలు నడచుటయు, సంస్థానాధీశులు ఒకరి వెంట ఒకరు వచ్చి సింహాసనమునకు వందన మొనర్చుటయు లండను పౌరులు కుర్చీలలో కూర్చుండి చూచినారు. అది రోము వీథులలోని ట్రయంఫునకు క్రొత్త రూపము. అయితే కెమెరాకు ఒక చిక్కు కలదు. అది కోరని దానిని గూడ పట్టును. బరోడా సంస్థానాధీశుడు శాయాజీరావు గైక్వాడు తగినంత వంగలేదనియు, చక్రవర్తికి వీపు చూపి మరలిపోయినాడనియు ఆనాడు గొప్ప అలజడి కలిగినది. ఆ దృశ్యమును చలనచిత్రము భద్రపరచినది. ఓడినవాని పక్షమునుండి తెరపై కనబడిన మొదటి మాటలలో ఆ మాట లేని వందన మొకటి.

ఇటలీ దేశములో రోముకును చలనచిత్రమునకును గల సంబంధము ఇంకను గాఢమైనది. 1911–12లో ఇటలీ టర్కీతో యుద్ధము చేసి ఉత్తర ఆఫ్రికాలోని లిబియాను ఆక్రమించినది. 1914లో ట్యూరిను నగరమునుండి ‘కబీరియా’ అను మూగచిత్రము వెలువడినది. దర్శకుడు జొవాన్ని పాస్ట్రోనె. ప్రసిద్ధకవి డానున్‌జియో పేరును దానికి చేర్చినారు. దృశ్యముల నడుమ చూపు వాక్యములను అతడు రచించినాడు. కథాకాలము క్రీ. పూ. 218–201 నడుమ రోముకును, ఆఫ్రికా తీరమునందలి కార్తేజి మహానగరమునకును జరిగిన రెండవ ప్యూనిక్ యుద్ధము. కెమెరాను చక్రముల బండిపై నడిపి విశాలమైన మందిరముల లోతును చూపుట ఆ చిత్రముతో ప్రఖ్యాతి కెక్కినది. హానిబాలు ఏనుగులతో ఆల్ప్సు పర్వతములను దాటుట, సైరక్యూసు ముట్టడి, అన్నియు అందులో కలవు.

కాని ఆ చిత్రమునకు గుండెవంటిది వేరొక ఘట్టము. సిసిలీ ద్వీపమునుండి అపహరింపబడిన బాలికను కార్తేజి పూజారులు మోలోకు దేవతకు అగ్నిలో బలి యీయబోవుదురు. ఒక రోమను యువకుడును, బలశాలియైన అతని సేవకుడు మాచిస్తెయు ఆమెను రక్షింతురు. కార్తేజిలో శిశుబలి ఎంతవరకు జరిగినది అనునది పండితులలో నేటికిని వివాదగ్రస్తమే. తెరమీద నిప్పులు క్రక్కు విగ్రహము ఫ్రెంచి నవలాకారుడు ఫ్లోబేరు 1862లో ప్రకటించిన ‘సలాంబో’ నవలలోని ఊహకు ఋణపడినది. ఫలితము మాత్రము స్పష్టము. ఆఫ్రికా తీరమున రోము చేసినది దండయాత్ర కాదు, శిశురక్షణ. లిబియాను ఆక్రమించి రెండేండ్లు గడవని ప్రజలకు ఇంతకంటె ఊరట కలిగించు కథ మరి యేమి కలదు?

ఇక్కడనే ఒక విచిత్రమును చెప్పవలెను. కుడిచేతిని సూటిగా ముందుకు చాచి వందనము చేయుట రోమనుల ఆచారమని లోకమంతయు నమ్మినది. ప్రాచీన రోమను రచనలలోగాని శిల్పములలోగాని ఇట్టి వందనమునకు స్పష్టమైన ఆధారము లేదు. దావిదు అను ఫ్రెంచి చిత్రకారుడు 1784లో వ్రాసిన హొరేషియసు సోదరుల శపథము అను వర్ణచిత్రములో చాచిన చేతులు కలవు. అటుపిమ్మట రంగస్థలము ఆ భంగిమను ఎత్తుకొన్నది. ‘కబీరియా’ మొదలగు చిత్రములు దానిని ఖండాంతరములకు చేర్చినవి. 1919లో డానున్‌జియో ఫ్యూమె పట్టణమును ఆక్రమించినపుడు తన అనుచరులచేత ఆ వందనమునే చేయించినాడు. ముస్సోలిని పక్షము దానిని స్వీకరించినది. తరువాత జర్మనీలో హిట్లరు పక్షమును స్వీకరించినది. కల్పించిన భంగిమ తెరమీదనుండి వీథిలోనికి దిగి, కోట్లమంది ప్రాణములతో ఆడుకొన్నది. చలనచిత్రము చరిత్రను చూపుటతో ఆగదు, చరిత్రలో పాల్గొనును అనుటకు ఇంతకంటె నిదర్శన మక్కరలేదు.

ముస్సోలిని ఆ పాఠమును బాగుగా గ్రహించినాడు. 1935లో ఇటలీ ఇథియోపియాపై దండెత్తినది. విషవాయువును గూడ ప్రయోగించినది. 1936 మే 9న రోము కొండలపై సామ్రాజ్యము మరల వెలసినదని ముస్సోలిని చాటినాడు. 1937లో చినెచిత్త అను మహా చిత్రనిర్మాణ నగరమును ఆరంభించినాడు. ఆ యేడే కార్మినె గల్లోనె దర్శకత్వమున ‘సిపియోనె లాఫ్రికానో’ అను చిత్రము వెలువడి, వెనిసు చిత్రోత్సవములో ముస్సోలిని పేరనే ఉన్న బహుమానమును పొందినది. ఇటలీ సైనికులు వేలకొలదిగా రోమను సైనికుల వేషములు ధరించినారు. క్రీ. పూ. 202లో ఆఫ్రికా గడ్డపై జామా యుద్ధములో సిపియో హానిబాలును ఓడించుట అందలి పరాకాష్ఠ.

జామా యుద్ధము నిజము. సిపియో గొప్ప సేనాని అనుటయు నిజము. కాని రెండు విషయములను జ్ఞాపకముంచుకొనవలెను. మొదటిది, ఆ యుద్ధమును తేల్చినది రోమను కాల్బలము మాత్రమే కాదు. నుమిడియా రాజు మస్సినిస్సా తెచ్చిన ఆఫ్రికా గుఱ్ఱపుదళము వెనుకనుండి తాకినందుననే హానిబాలు సేన విరిగినది. అట్లు చెప్పినవాడు ఆ యుద్ధమునకు సమీపకాలికుడైన పాలిబియసు. రెండవది, కథ జామాతో ముగియలేదు. ఆయుధములను అప్పగించి, సంధి నియమములకు లోబడియున్న కార్తేజిపై రోము క్రీ. పూ. 149లో మరల యుద్ధము తెచ్చినది. 146లో నగరమును తగులబెట్టినది. ప్రాణములతో మిగిలి లొంగిపోయిన సుమారు 50,000 మంది బానిసలైనారు. ఆ మంటలను చూచుచు చిన్న సిపియో కన్నీరు విడిచినాడట. ఒకనాడు తన నగరమునకును ఇదే గతి పట్టునని భయపడినాడట. అప్పుడు ప్రక్కన నిలిచియున్నవాడు పాలిబియసే. జయించినవాని కంట నీరు నిలిచిన ఆ క్షణము రోమను చరిత్ర మొత్తములో అపురూపమైనది. 1937 నాటి ఇటలీ తెరకు అది పనికిరాలేదు. జామాలో గెలిచి తెర దించుటయే దానికి ఉచితముగా తోచినది.

రెండవ ప్రపంచయుద్ధము ముగిసిన తరువాత రోము పాత్ర మారినది. అమెరికా చిత్రములలో రోము క్రూరమైన నిరంకుశ రాజ్యమైనది. నాజీ జర్మనీ జ్ఞాపకమును, సోవియట్ రాజ్యముతోడి వైరమును, రెండును ఆ వేషములో కలిసినవి. విలియం వైలరు దర్శకత్వమున 1959లో వచ్చిన ‘బెన్‌హర్’ 11 ఆస్కారు బహుమానములను పొందినది. 1960లో స్టాన్లీ కూబ్రికు ‘స్పార్టకసు’ను తీసినాడు. దానికి ఆధారము హొవార్డు ఫాస్టు 1951లో ప్రకటించిన నవల. తన సహచరుల పేర్లు చెప్ప నిరాకరించి ఫాస్టు 1950లో కారాగారమున ఉన్నాడు. చిత్రకథను వ్రాసిన డాల్టను ట్రంబోయు అట్టి కారణముననే వెలివేయబడిన రచయిత; అతని పేరు తెరపై బాహాటముగా వేయుట ఆ వెలికి గొడ్డలిపెట్టైనది. ఈ చిత్రములలో ఒక వాడుక ఏర్పడినది. రోమను ప్రభువులుగా ఆంగ్లదేశపు నటులు, తిరుగుబాటుదారులుగా అమెరికా నటులు. స్పార్టకసుగా కిర్కు డగ్లసు, అతనిని అణచిన క్రాససుగా లారెన్సు ఒలివియరు. తాము ఒక సామ్రాజ్యమునుండి విడివడినవారమన్న పూర్వస్మృతి అమెరికా ప్రేక్షకులకు ఉచ్చారణలోనే వినిపించినది.

ఈ చిత్రములు పీడితుని పక్షము వహించినవి. అది మెచ్చదగినదే. అయినను చూపులో మార్పు వచ్చినంతగా చూచు చోటులో మార్పు రాలేదు. ‘స్పార్టకసు’లో చివరి యుద్ధమునకు ముందు రోమను దళములు చదరంగపు గళ్ళవలె కొండవాలున దిగివచ్చు దృశ్యము భయము గొలుపును, మనోహరముగను ఉండును. ఆ దృశ్యములో నడచినవారు స్పెయిను నియంత ఫ్రాంకో సేనకు చెందిన సుమారు 8,000 మంది సైనికులు. స్వాతంత్ర్యమును కీర్తించు చిత్రమునకు గూడ సేనను ఎరువిచ్చినవాడు నియంతయే. క్రీ. పూ. 71లో తిరుగుబాటు అణగిన పిమ్మట కాపువా నుండి రోము వరకు బాట పొడవున 6,000 మందిని శిలువ వేసినారు. ఇది చరిత్ర, చిత్రములోను కలదు. కాని స్పార్టకసు శవము దొరకనేలేదని ప్రాచీనులు చెప్పుచుండగా, చిత్రము అతనిని గూడ శిలువపై నిలిపినది. ‘బెన్‌హర్’లో నాయకుడు బానిసయై యుద్ధనౌకలో గొలుసులతో తెడ్లు వేయును. రోమను నౌకాదళమున తెడ్లు వేసినవారు సాధారణముగా జీతము పుచ్చుకొను స్వతంత్రులు. గొలుసుల నౌక అంతకు ఎన్నో శతాబ్దముల తరువాతి మధ్యధరాసముద్రపు చిత్రము. తెరమీది రోములో ఇట్టి అతుకులు అనేకము. ఒక్కొక్కటి కన్నులకు నచ్చినందువలననే నిలిచినది.

2000లో రిడ్లీ స్కాటు తీసిన ‘గ్లాడియేటర్’ తొలి ఘట్టము చాలమందికి జ్ఞాపకముండును. క్రీ. శ. 180, ఉత్తరపు అడవి, మంచు, మార్కస్ ఆరీలియసు చక్రవర్తి సేనలు. నిప్పుబాణములు ఆకాశమును కప్పును, యంత్రములు అగ్నిభాండములను విసరును, కొలది నిమిషములలో జర్మను తెగలు నేలగూలును. ఆ తెగలవారికి ఆ చిత్రములో ఒక్క పేరైనను లేదు. వారి రణనినాదము సైతము వారిది కాదు. 1964లో ఆంగ్లేయుల ఆఫ్రికా యుద్ధమును గూర్చి వచ్చిన ‘జూలూ’ అను చిత్రమునుండి తీసుకొని వాడినారు. రెండు వేరు ఖండములకు, వేరు యుగములకు చెందిన జాతులకు ఒకే కేక చాలునన్నమాట. అదే యుద్ధమును గూర్చి రోములో మార్కస్ ఆరీలియసు పేర నిలిచిన స్తంభము ఇంతకంటె నిర్మొగమాటముగా మాటలాడును. దానిపై తగులబడు గుడిసెలు, తలలు నరకబడు బందీలు, జుట్టుపట్టి ఈడ్వబడు స్త్రీలు కలరు. విజేత తన రాతిపై సిగ్గుపడక చెక్కించినదానిని నేటి తెర సుకుమారముగా దాటిపోయినది.

ఇక ఊరేగింపులో చూపని రోమను విజయము ఎట్టిదో కొంచెము చూతము. మొదటి శతాబ్దికి చెందిన కార్బులో అను సేనాని శత్రువును గెలువవలసినది గునపముతోనని చెప్పుచుండెడివాడట. రోమను సైనికుడు కత్తిని పట్టిన దినములకంటె గునపమును పట్టిన దినములే ఎక్కువ. దండు కదలిన ప్రతి సాయంకాలమును కందకము త్రవ్వి, కట్ట పోసి, కొయ్యలు పాతి విడిది కట్టుకొన్నారు. బాటలు వేసినారు, వంతెనలు కట్టినారు. ట్రాజను స్తంభముపై గూడ యుద్ధ దృశ్యములకంటె నడకలు, కట్టడములు, యాగములు, సంభాషణలే మిక్కుటము. సేనలో ఇంచుమించు సగము మంది రోమను పౌరులే కారు. జయింపబడిన దేశములనుండి చేరి, పాతికేండ్లు కొలువు చేసి, చివరకు పౌరసత్వము పొందువారు. ఓడినవారిచేతనే ఓడనివారిని ఓడించుట ఆ సామ్రాజ్యపు రహస్యము.

గాలు దేశమును, అనగా నేటి ఫ్రాన్సును, సీజరు జయించిన కథలో అలీసియా ముట్టడి ముఖ్యమైనది. క్రీ. పూ. 52లో వెర్సింజెటొరిక్సు అను గాలు నాయకుడు ఆ కొండపట్టణమున చిక్కినాడు. సీజరు పట్టణము చుట్టును సుమారు 16 కిలోమీటర్ల కట్ట పోయించినాడు. వెలుపలినుండి వచ్చు సేనను ఆపుటకు దానికి వెలుపల సుమారు 21 కిలోమీటర్ల కట్టను మరియొక దానిని పోయించినాడు. ధాన్యము తరిగిపోగా పట్టణములోనివారు స్త్రీలను, పిల్లలను, వృద్ధులను వెలుపలికి పంపివేసినారు. వారు రోమనుల కట్టకు వచ్చి, బానిసలుగానైనను చేర్చుకొని అన్నము పెట్టుడని ఏడ్చినారు. సీజరు కావలివారిని నిలిపి, వారిని లోనికి రానీయలేదు. ఈ సంగతి చెప్పినవాడు సీజరే. తన గ్రంథములో రెండు మూడు వాక్యములలో చెప్పి ముందుకు సాగినాడు. కోటకును కట్టకును నడుమ ఆ జనమునకు ఏమి జరిగినదో అతడు వ్రాయలేదు. ఆకలితో నశించిరని డియో అను తరువాతి చరిత్రకారుడు చెప్పినాడు. పట్టణము లొంగిన పిదప సైనికుడొక్కనికి ఒక బందీ చొప్పున పంచిపెట్టినారు. వెర్సింజెటొరిక్సు ఆరేండ్లు చెరలోనుండి, క్రీ. పూ. 46లో సీజరు విజయోత్సవములో ఊరేగి, పిమ్మట చంపబడినాడు. సీజరు పాదములచెంత అతడు ఆయుధములు పడవేయు ఘట్టము చిత్రకారులకు, చలనచిత్రకారులకు ఎంతో ప్రీతికరమైనది. రెండు గోడల నడుమ నిలిచిన తల్లులను చూపుటకు ఊరేగింపులో మంచె లేదు.

అసలు కత్తి దూయకుండనే వచ్చిన రాజ్యములును కలవు. క్రీ. పూ. 133లో ఆసియా మైనరులోని పెర్గమము రాజు మూడవ అట్టాలసు సంతానములేక మరణించుచు తన రాజ్యమును రోముకు మరణశాసనమున వ్రాసియిచ్చినాడు. దానిని ఎదిరించి లేచినవారిని రోము అణచినది. పదేండ్లు తిరిగినంతలో అక్కడి పన్నులను రోములోనే వేలము వేయు పద్ధతి వచ్చినది. పాట పాడినవాడు ముందుగా సొమ్ము కట్టి, పిమ్మట రైతునుండి తనకు చేతనైనంత పిండుకొనును. మన దేశములో జమాబందీ వేలముల కథ ఎరిగినవారికి దీనిని వివరింపనక్కరలేదు. ఆ కడుపుమంట క్రీ. పూ. 88లో భగ్గుమన్నది. పాంటసు రాజు మిత్రిడేటీసు ఆజ్ఞతో ఆ దేశమున ఒక్కమారుగా 80,000 మంది ఇటలీవారు వధింపబడిరని ప్రాచీనులు లెక్క చెప్పినారు. లెక్కలో అతిశయోక్తి ఉండవచ్చును, ద్వేషములో లేదు. మరణశాసనము, వేలముపాట, వడ్డీ, తిరుగుబాటు, మరల సేన. సామ్రాజ్యవిస్తరణకు ఇది నిజమైన క్రమము. కాని వేలముపాటను చూచుటకు టిక్కెట్టు కొనువా డెవడు?

రోము చేయి కత్తితో అందని చోట్లకు నాణెముతో అందినది. ఆంధ్ర, తెలంగాణ ప్రాంతముల నేలలో రోమను నాణెములు దొరకినవి. శాతవాహనుల నాటి మనవారు ఎరిగిన రోము దండెత్తివచ్చిన రోము కాదు, సరకు కొనవచ్చిన రోము. భారతదేశము ఏటేట 5 కోట్ల సెస్టర్సుల నాణెములను లాగుకొనుచున్నదని ప్లీనీ అను రోమను రచయిత ఆక్షేపించినాడు. మిరియములకును, సన్నని నూలుబట్టలకును బేరమాడు ఈ రోము తెరకు ఎక్కుట అరుదు.

ఇటీవలి కాలమున కొందరు గోడకు అవతలనుండి చూడ ప్రయత్నించినారు. 1979లో ఆంగ్ల హాస్యబృందమొకటి తీసిన ‘లైఫ్ ఆఫ్ బ్రయను’ చిత్రములో, రోము మనకు చేసిన మేలేమున్నదని తిరుగుబాటు నాయకుడు అడుగగా, అనుచరులు నీటికాలువలు, బాటలు అని జాబితా చదువుదురు. నవ్వు వచ్చును, ఆలోచనయు రావలెను. రైలుబండ్లు, తంతితపాలాలు తెచ్చినారు గదాయని మన పెద్దలు తర్కించుకొన్న తర్కమే అది. బాటను మొదట సేన నడుచుటకు వేసినారు, పిమ్మట పన్ను వచ్చుటకు వాడినారు అను సంగతి రెండు జాబితాలలోను ఉండదు. 2020లో జర్మనీనుండి వచ్చిన ‘బార్బేరియన్స్’ అను ధారావాహిక, క్రీ. శ. 9లో ట్యూటోబర్గు అడవిలో మూడు రోమను దళములు నశించిన కథను చెప్పినది. అందులో జర్మను తెగలు నేటి జర్మనులో మాటలాడును; రోమనులు లాటినులో మాటలాడుదురు. పాలకుని భాష పరభాషగా చెవిని సోకినప్పుడు కలుగు దూరము ప్రేక్షకునికి అనుభవమునకు వచ్చును. అయినను పాత అలవాటు తొలగిపోలేదు. 2024లో వచ్చిన ‘గ్లాడియేటర్’ రెండవ భాగము, క్రీ. శ. 200లో రోమను నౌకలు నుమిడియా కోటను ముట్టడించుటతో మొదలగును. నుమిడియా అంతకు రెండు శతాబ్దములకు పూర్వమే రోము ఏలుబడిలోనికి వచ్చినది. అంతేకాదు, 200లో రోమును ఏలుచున్న సెప్టిమియసు సెవీరసు ఆఫ్రికాలో జన్మించినవాడే. జయింపబడిన తీరమునుండి చక్రవర్తి వచ్చుట యుద్ధముకంటె ఎంత పెద్ద కథ! తెరకు మాత్రము ముట్టడియే కావలసివచ్చినది.

ఈ చర్చకు అత్యంత యోగ్యమైన ఉదాహరణము రుమేనియా. ట్రాజను జయించిన డేసియా నేటి రుమేనియా దేశము. ఆ దేశపు పేరు రోమునుండి వచ్చినది. దాని భాష లాటిను కూతురు. ఓడిన డెసెబాలసు రాజును వారికి పూర్వుడే, జయించిన ట్రాజనును పూర్వుడే. 1967లో సెర్జియు నికొలయెస్కు తీసిన ‘డాచీ’, 1968లో మిర్చా డ్రాగను తీసిన ‘కొలుమ్నా’ ఆ ఇరువురు తాతల కథలు. రెండింటను డెసెబాలసు పాత్రను అమ్జా పెల్లెయా అను నటుడే ధరించినాడు. ఆ కాలమున రుమేనియా ప్రభుత్వము సోవియట్ నీడనుండి కొంత తొలగి జాతీయాభిమానమును రేకెత్తించుచుండెను గనుక, ఆ చిత్రములకును తమ కాలపు అవసరములు కలవు. అయినను వానిలో ఓడినవానికి పేరున్నది, ఇల్లున్నది, మాటయున్నది.

ఆ 1967లోనే ట్రాజను స్తంభపు శిల్పముల అచ్చు నమూనాలు బుకారెస్టు చేరినవి. నేడు అవి అక్కడి జాతీయ చరిత్ర ప్రదర్శనశాలలో ఉన్నవి. రోములో డెసెబాలసు మరణదృశ్యము స్తంభము కొనకు దగ్గరగా ఉన్నది. క్రింద నిలిచినవానికి అది అందదు. చెట్టు మొదట ఒరిగి, చుట్టును గుఱ్ఱపురౌతులు మూగుచుండగా, ఊరేగింపునకు చిక్కకుండ తన గొంతును తానే కోసికొనుచున్న రాజును ఆ ఎత్తున పోల్చుట కష్టము. బుకారెస్టులో పట్టికను ముక్కలుగా విడదీసి నేలమట్టమున నిలిపినారు. చూచువాని కన్నులును, రాజు కన్నులును అక్కడ ఒకే ఎత్తున కలియును.